ఉట్నూరుకు పోకుండా రాసిన రిపోర్టు

మంచిర్యాల కొత్తగా జిల్లా అయి, ఆఫీసు బోర్డుల మీద ‘జిల్లా’ అన్న మాటకు రంగు ఇంకా సరిగ్గా ఆరని ఆ రోజుల్లో, నాకు భయపడడమే అసలు ఉద్యోగం. పనిముట్లు అమ్మడం దాని పక్కన చేసుకునే చిన్న పని. ఇప్పుడు తలచుకుంటే నవ్వొస్తుంది కానీ, అప్పట్లో నేను భయపడని వస్తువంటూ లేదు. కరీంనగర్‌లో మా ఆఫీసు మూడో అంతస్తులో ఉండేది. లిఫ్టు మధ్యలో ఆగిపోతుందేమోనని భయపడి మెట్లెక్కేవాణ్ణి. మెట్లెక్కితే ఆలస్యమవుతుందని భయపడి అరగంట ముందే వచ్చేవాణ్ణి. ఫోను మోగితే భయం. మోగకపోతే ఇంకా భయం (నన్ను తీసేసి, ఆ సంగతి నాకు చెప్పడం మరిచిపోయారేమోనని). ఆరు నెలలు పనితీరు చూసి, నచ్చితేనే ఉంచుకుంటామన్నారు. నాలుగు నెలలు గడిచాయి. ఇంకా ఎవరికీ నచ్చిన జాడ కనబడలేదు.

ఈ భయానికి కొంత కారణం మా ఇంట్లోనే ఉంది. మా బాపు సిరిసిల్లలో మరమగ్గాల మీద పనిచేసేవాడు. అవ్వ బీడీలు చుట్టేది. మెడలో కార్డు వేసుకుని పనికి పోయే మనిషి మా ఇంట్లో నేనే మొదటివాణ్ణి. చేరిన రోజు నన్ను బస్సెక్కించడానికి వచ్చిన బాపు ఆ కార్డును రెండువైపులా తిప్పి చూసి, నా చొక్కా మీద సరిగ్గా సర్ది, “నౌకరి అంటే మగ్గం లెక్క గాదు కొడుకా. మగ్గం ఆగితే నేను నడిపిస్త. నౌకరి ఆగితే ఎవడు నడిపిస్తడు?” అన్నాడు. ధైర్యం చెప్పాలనే అన్నాడు పాపం. ఆ మాట మాత్రం నాతోపాటు బస్సెక్కి, కరీంనగర్‌లో దిగి, మూడంతస్తులూ ఎక్కి, నా కుర్చీలో నాకంటే ముందు కూర్చుంది.

మిగతా కారణం మా సారు. ఆయనకు మేం పెట్టుకున్న పేరు మెల్లగ సారు. ఏ రోజూ గొంతు పెంచి ఎరగడు. మనం వణుకుతూ ఎదుట నిలబడితే కళ్లద్దాలు తీసి బల్ల మీద పెట్టి, “మెల్లగ చెప్పు, తొందరేం లేదు,” అనేవాడు. కేకలు వేసే మనిషి దగ్గరయితే, కేకలు ఆగగానే బతికిపోయామని తెలుస్తుంది. ఈయన దగ్గర తిట్టు ఎప్పుడు మొదలైందో, ఎప్పుడు ముగిసిందో, అసలు తిట్టాడో లేదో కూడా తెలిసేది కాదు. ఇంటికి పోయి అన్నం తింటుంటే తెలిసేది.

ఆ సారు ఒక సోమవారం నన్ను పిలిచాడు. హైదరాబాద్‌లోని మా కంపెనీ అప్పటిదాకా బోల్టులూ మేకులూ మాత్రమే చేసేది. ఇప్పుడు కొత్తగా చేతి పనిముట్లు మొదలుపెట్టింది. సుత్తి, పట్టకారు, పానాల సెట్టు, గొడ్డలి, కొడవలి, కలుపు తీసే కుర్పి, ఇట్లా పన్నెండు రకాలు. సరుకు తక్కువ, ఊళ్లు ఎక్కువ. అన్ని ఊళ్లకూ ఒకేసారి పంపలేరు. “కరీంనగర్ నుంచి ఆదిలాబాద్ దాకా తిరుగు,” అన్నాడు సారు. “ఏ ఊరికి ముందు పంపాలె, ఏ ఊరికి ఎనక పంపాలె, ఎందుకో రాసుకొని రా. మొదటి ఊరు తప్పిందనుకో, సరుకు దుకాణంల తుప్పు వడ్తది. ఆ దుకాణమాయన మల్ల మన మొఖం చూడడు. పక్కూరాయనకు సుత చెప్తడు.” ఆ తర్వాత కళ్లద్దాలు పెట్టుకుని, “నువ్వు చెప్పిన ఊరికే పంపుత,” అని ముగించాడు. వేరేవాళ్లయితే ఆ మాటకు పొంగిపోయేవారు. నేను తప్పిన ఊరికి జీతంలో ఎంత కోస్తారో లెక్కేసుకున్నాను.

నమూనాకు పన్నెండు పనిముట్లూ ఒక సంచిలో వేసి ఇచ్చారు. అది భుజాన వేసుకుని నడుస్తుంటే లోపల గొడ్డలీ పానాలూ ఒకదాన్నొకటి పలకరించుకునేవి. బస్సులో పక్కసీటు వాళ్లు మొదట సంచిని చూసేవారు, తర్వాత నన్ను చూసేవారు, ఆ తర్వాత కొంచెం జరిగి కూర్చునేవారు. (వాళ్లకు నేనంటే భయం, నాకు వాళ్లంటే భయం. ప్రయాణాలు ప్రశాంతంగానే సాగేవి.)

మొదట శ్రీరాంపూర్ పోయాను. నా లెక్క చాలా తేలిక. బొగ్గుగనులంటే తవ్వడం, తవ్వడమంటే పనిముట్లు, పనిముట్లంటే మేము. కార్మికుల క్వార్టర్ల ముందు, గని నుంచి వచ్చి స్నానం చేసి కూర్చున్న ఒక పెద్దాయనకు సంచి విప్పి చూపించాను. ఆయన ఒక్కొక్కటీ చేతిలోకి తీసుకుని, బరువు చూసి, జాగ్రత్తగా మళ్లీ సంచిలోనే పెట్టాడు.

“మంచిగున్నయి బిడ్డా. కాని గని పనికి కావల్సినయన్ని గనిలనే ఇస్తరు. మేం సొంతంగ కొనేది ఇంట్ల మేకు కొట్టెటందుకు సుత్తి ఒక్కటే. అది మా పెద్దోడు పుట్టినప్పుడు కొన్న. మొన్న వాని పెండ్లయింది. సుత్తికి ఏం కాలే,” అని లోపలికి పోయి ఆ సుత్తిని తెచ్చి చూపించాడు కూడా. నిజంగానే దానికేం కాలేదు.

ఆ మాటలు బుద్ధిగా నోటుబుక్కులో రాసుకున్నాను. రాసుకుని ఊరుకుంటే బాగుండేది. ఆ మధ్యాహ్నం ఆఫీసు గోదాం చూసుకునే కాకకు ఫోను చేశాను. మా అందరికీ లోపలి కబుర్లు చెప్పేది ఆయనే. “శ్రీరాంపూర్ల గిరాకి లేనట్టున్నది కాకా,” అంటే, ఆయన గొంతు తగ్గించి, “పిచ్చోడా, సారుకు బొగ్గు బెల్టు మీదనే మనసున్నది. మొన్న హైదరాబాదోళ్లతోని ఫోన్ల అదే ముచ్చట. నువ్వు సారుకు ఎదురు రాస్తవా ఏంది?” అన్నాడు. నేనా, సారుకు ఎదురా. నోటుబుక్కులో పెద్దాయన మాటల మీద అడ్డంగా గీత గీసి, ‘శ్రీరాంపూర్: విశేష అవకాశాలు’ అని రాశాను. గీత గీస్తున్నప్పుడు ఆ సుత్తి ఒకసారి కళ్ల ముందు కదిలింది. చూడనట్టు నటించాను.

మంచిర్యాల బజారు కూడా చూసేశాక, ఇక మిగిలింది ఉట్నూరు. ఆదిలాబాద్ ఏజెన్సీలో అడవి మధ్య ఊరు. మంచిర్యాలలో బస్సెక్కాను. లక్షెట్టిపేట దాటాక పక్కన కూర్చున్న పెద్దమనిషి తన ఫోను నా ముందుకు చాపాడు. రోడ్డు, రోడ్డుకు రెండువైపులా చెట్లు, మధ్యలో చారలతో ఏదో తీరిగ్గా నడిచిపోతోంది. “మొన్న గీ ముందటనే రోడ్డు దాటిందట,” అన్నాడాయన, వాళ్లింటి ఎద్దు సంగతి చెప్తున్నంత నిదానంగా. ఏది దాటింది అని అడగవలసిన అవసరం లేదు కానీ అడిగాను. “పెద్దపులి. ఏమనది తమ్మీ. దాని తొవ్వల అది పోతది,” అన్నాడు. మరి బస్సు ఆగిపోతేనో అన్నాను. ఆయన కొంచెంసేపు ఆలోచించి, “ఆగితే ఆగుతది. దిగకుంటె ఏం గాదు,” అన్నాడు.

జన్నారంలో బస్సు ఆగగానే దిగిపోయాను. సంచి గలగలా మోగింది. బస్సు నన్ను వదిలేసి అడవిలోకి పోతుంటే, ఆ పెద్దమనిషి కిటికీలోంచి నా వైపు జాలిగా చూశాడు.

పక్కనే ఉన్న హోటల్లో చాయ్ తాగుతూ, తర్వాతి బస్సుకు పోతానని నాకు నేను చెప్పుకున్నాను. తర్వాతి బస్సు వచ్చింది, పోయింది. ఇంకొకటి వచ్చింది, పోయింది. నాలుగో చాయ్ దగ్గర తలెత్తి చూస్తే ఎదురుగా గోడకు ఒక క్యాలెండరు. ఉట్నూరులోని ఒక హార్డ్‌వేర్ దుకాణం వాళ్లు అచ్చు వేయించింది. కింద దుకాణం పేరు, పైన దేవుడు, దేవుడి పక్కన గుండ్రటి చట్రంలో నిండు మీసాలతో నవ్వుతున్న యజమాని. ఆయన నవ్వు ఎంత భరోసాగా ఉందంటే, ‘నువ్వు రాకున్నా ఏం గాదు తమ్మీ, రాసుకో’ అన్నట్టే తోచింది.

మంచిర్యాల లాడ్జికి తిరిగొచ్చి, మంచి దస్తూరితో ఇలా రాశాను: ‘ఉట్నూర్‌లో ప్రధాన హార్డ్‌వేర్ దుకాణం యజమానిని స్వయంగా కలిశాను. వయసు యాభై దాటి ఉంటుంది. నిండు మీసాలు. మర్యాదస్తులు. వచ్చినవారితో నవ్వుతూ మాట్లాడతారు. ఈ ప్రాంతంలో చేతి పనిముట్లకు గిరాకీ లేదని, వచ్చే ఏడాది చూడవచ్చునని వారు అభిప్రాయపడ్డారు.’ ఆ ‘అభిప్రాయపడ్డారు’ నాకు చాలా నచ్చింది. అబద్ధానికి ఇస్త్రీ చేసినట్టుగా కుదిరింది.

సారు ఆ రిపోర్టును రెండుసార్లు చదివాడు. కళ్లద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు. “మెల్లగ చెప్పు. ఉట్నూర్ల ఆయనకు ఎందుకు వద్దనిపించింది?”

“అంటే... అడవి కద సార్. జనం తక్కువ.”

“అడవిల గొడ్డలి అక్కర వడదా?”

నేను గోడ మీది గడియారం వైపు చూశాను. అది కూడా నాకు సాయం రాలేదు. సారు కాసేపు కాగితం అంచు సవరించి, “మంచిగ రాసినవ్. రేపు పొద్దుగాల ఇద్దరం పోదం. ఆ పెద్దమనిషిని నేను సుత కలుస్త,” అన్నాడు. (ఆయనకు అప్పుడే అనుమానం వచ్చిందా, లేక నిజంగానే కలవాలనుకున్నాడా అన్నది నాకు ఈ రోజుకూ తెలియదు. అడిగే ధైర్యం ఈ రోజుకూ రాలేదు.)

మరుసటి రోజు ప్రయాణం గురించి నా ఒంటికి ఇప్పటికీ గుర్తుంది. అద్దె జీపు. ముందు డ్రైవరన్న, పక్కన సారు, వెనక నేనూ నా సంచీ. దారిలోనే నిజం చెప్పేయాలని నిశ్చయించుకున్నాను. గోదావరి వంతెన మీద మొదటిసారి ప్రయత్నించాను. “సార్, ఒక మాట,” అన్నాను. అద్దాలు దించి ఉన్నాయి, గాలి హోరు. “ఆఁ, గోదారిల నీళ్లు మంచిగనే ఉన్నయి,” అన్నాడు సారు. లక్షెట్టిపేట దాటాక రెండోసారి, “సార్, ఉట్నూర్ గురించి,” అని మొదలుపెట్టేసరికి ఆయన తల సీటుకు ఆనించి కళ్లు మూసుకున్నాడు. నిద్రపోతున్న మనిషిని లేపి, నేను దొంగనని చెప్పడానికి నోరు రాలేదు. జన్నారంలో నేను నాలుగు చాయ్‌లు తాగిన హోటలు ముందునుంచే పోయాం. హోటలాయన నన్ను గుర్తుపట్టి చెయ్యూపాడు. నేను సీటు కిందికి వంగి, లేని చెప్పు వెతుక్కున్నాను.

అటవీ శాఖ చెక్‌పోస్టు దాటాక అడవి మొదలైంది. డ్రైవరన్న తనంతట తానే పులి ముచ్చట ఎత్తాడు. ఎక్కడ ఆవును కొట్టిందో, ఎక్కడ అడుగులు కనబడ్డాయో చూపిస్తూ పోతున్నాడు. మూడు రోజుల కిందట ఆ మాట వినే బస్సు దిగిన నేను, ఇప్పుడు కిటికీలోంచి రెండువైపులా ఆశగా చూడసాగాను. ఒక్కసారి కనబడితే చాలు, జీపు వెనక్కి తిప్పుతారు, ఉట్నూరు పోనవసరం ఉండదు. నా మనసులో ఆ రోజు పులికి ఉన్నంత గౌరవం ఎవరికీ లేదు. ఒక కోతుల గుంపు తప్ప ఏదీ రాలేదు. ఘాట్ రోడ్డు మలుపుల్లో మూడోసారి నోరు తెరిచాను. మాటకంటే ముందు పొద్దున తిన్న ఉప్మా బయటికి వచ్చేట్టుండటంతో మూసేశాను.

దుకాణం బజారు మధ్యలోనే ఉంది. సారు దిగి, చొక్కా సర్దుకుని, నా రిపోర్టు చేతిలో పట్టుకుని లోపలికి నడిచాడు. గల్లా దగ్గర ఒక ఆవిడ కూర్చుని మేకులు తూస్తోంది. ముతక నేత చీర, ముక్కుపుడక, కళ్లెత్తకుండానే తూకం చూసే చూపు. ఆవిణ్ణి అక్కడ అందరూ కాకు అంటారని, మరాఠీలో అది పిన్నిని పిలిచే పిలుపని నాకు తర్వాత తెలిసింది. ఆ క్షణంలో నాకు తెలిసింది ఒక్కటే. ఆవిడకు మీసాలు లేవు.

“అమ్మా, సేటు ఉన్నడా?” అన్నాడు సారు. “మా పిలగాడు మొన్న వచ్చి ఆయనతోని మాట్లాడిపోయిండు. నేను సుత కలుద్దామని వచ్చిన.”

ఆవిడ తూకం ఆపింది. “ఏ సేటు?”

సారు కాగితం విప్పి, నా మంచి దస్తూరిని నిదానంగా పైకి చదివాడు. నిండు మీసాలు, మర్యాదస్తులు, నవ్వుతూ మాట్లాడతారు, అభిప్రాయపడ్డారు. ఒక్కొక్క మాటా దుకాణంలోని డబ్బాలకూ గొలుసులకూ తగిలి నా దగ్గరికే తిరిగి వస్తున్నట్టుంది. ఆవిడ చదువుతున్న సారును కాక నన్ను చూస్తోంది. చదవడం అయిపోయాక తల కొంచెం వెనక్కి తిప్పింది. ఆవిడ వెనక గోడ మీద అదే ఫోటో, క్యాలెండరులోదే, పెద్దదిగా ఉంది. నవ్వు కూడా అదే. చుట్టూ దండ ఉంది.

“ఆయన పోయి ఆరేండ్లయితుంది,” అంది.

గుమ్మంలో నిలబడ్డ డ్రైవరన్న ఒక అడుగు వెనక్కి వేసి, నన్ను కింది నుంచి పైదాకా చూశాడు. నేను దయ్యంతో మాట్లాడానని ఆయన అక్కడికక్కడే నమ్మాడు (తిరుగుప్రయాణంలో సారు ఎంత చెప్పినా వినలేదట). సారు కళ్లద్దాలు తీశాడు. ఒక్క వాక్యంతో తప్పించుకోవచ్చని బుర్ర పరుగెడుతోంది. దుకాణం పొరబడ్డానని చెప్పొచ్చు, నేను కలిసింది ఆయన తమ్ముణ్ణేమో అని చెప్పొచ్చు. అప్పుడు ఆవిడ గల్లా మీంచి కొంచెం ముందుకు వంగింది.

“నీతోని ఏమన్నడు తమ్మీ?”

వెక్కిరింపుగా అడిగి ఉంటే ఇంకో అబద్ధం ఆడేవాణ్ణేమో. ఆవిడ వెక్కిరించలేదు. నిజంగా కాదని తెలుసు, అయినా ఒక్క క్షణం పాటు ఒకవేళ అన్నట్టుగా అడిగింది. చేతిలోని మేకు అట్లాగే ఉండిపోయింది.

“నేను రాలేదమ్మా,” అన్నాను. “జన్నారంల దిగిపోయిన. పులి అంటే భయమయింది. అక్కడ హోటల్ల మీ క్యాలెండర్ చూసి రాసిన. ఆయన పోయిండని నాకు తెల్వదు. తప్పయింది.” ఆ ఊపులో సారు వైపు తిరిగి, శ్రీరాంపూర్ గురించి రాసింది కూడా అబద్ధమేనని, అక్కడెవరూ కొనరని, సారుకు నచ్చుతుందని అట్లా రాశానని చెప్పేశాను. ఎవరూ అడగలేదు. ఒకసారి మొదలయ్యాక ఆపడం రాలేదు. లిఫ్టు సంగతి కూడా చెప్పబోయి ఆగాను.

కాకు మేకును తక్కెట్లో వేసింది. “ఏడాదికోసారి ఆయన ఫోటోతోనే అచ్చేయిస్త,” అంది ఎవరితోనో అన్నట్టు. తర్వాత నాతో, “రాసింది జర మల్ల సదువు,” అంది. కాగితం తీసుకుని చదివాను. మర్యాదస్తులు, వచ్చినవారితో నవ్వుతూ మాట్లాడతారు, అన్నచోట ఆవిడ చేయెత్తి ఆపింది.

“గట్లనే ఉండెటోడు,” అంది. కొంచెం ఆగి, “బేరమాడితే మాత్రం నవ్వకపోతుండె,” అని చేర్చింది.

సారు అప్పుడు నోరు విప్పాడు. నన్ను కాదు, ఆవిణ్ణి అడిగాడు. “అమ్మా, మీ దుకాణంల స్టూలు ఒకటి దొరుకుతదా?” దొరికింది. దాన్ని గుమ్మం పక్కన వేసి నన్ను కూర్చోమన్నాడు. “మూడు దినాలు. దుకాణం తెరిచినప్పటి సంది మూసేదాక ఈడనే ఉండు. ఏమమ్మిండ్రో రాయకు. ఎవరు ఏం అడిగి, లేదనిపించుకొని పోయిండ్రో అది రాయి.” అంతే. జీపెక్కి వెళ్లిపోయాడు. నా ఉద్యోగం ఉందో పోయిందో చెప్పలేదు. తొందరేం లేదు కదా.

ఆ సాయంత్రం బాపు ఫోను చేశాడు. వెనక మగ్గాల చప్పుడు.

“ఏడున్నవ్ కొడుకా?”

“ఉట్నూర్ల. ఒక దుకాణంల స్టూలు మీద కూసున్న బాపు.”

“నౌకరి పోయిందా?”

“తెల్వది బాపు.”

మగ్గాల చప్పుడే చాలాసేపు వినబడింది. “సరే. కూసున్న కాడ మంచిగ కూసో,” అని పెట్టేశాడు.

మంచిగానే కూర్చున్నాను, భయపడుతూ. బస్టాండు పక్క లాడ్జిలో పడుకోవడం, పొద్దున్నే కాకు తాళం తీసేలోపు గుమ్మం దగ్గర ఉండటం. (ఒక రోజు రెండు నిమిషాలు ఆలస్యమైతే, “జన్నారంల దిగినవా?” అని అడిగింది.) మొదటి రోజు ఒక అడవి పల్లె ఆసామి తానే చెక్కుకున్న గొడ్డలి కామ భుజాన వేసుకుని వచ్చాడు. మా గొడ్డలి ఎత్తి చూశాడు, కామ దూర్చి చూశాడు. మాది గుండ్రటి రంధ్రం, ఆయనది కోడిగుడ్డు ఆకారం. పెట్టేసి పోయాడు. జీపు డ్రైవర్లు నలుగురు వేర్వేరుగా వచ్చి ఒకే సైజు పానా అడిగారు. మా దగ్గర పన్నెండు పానాలూ కలిపి ఒకే డబ్బా, విడిగా ఇవ్వం. వాళ్లూ పోయారు. వారపు అంగడి రోజున గోండు ఆడవాళ్లు గుంపుగా వచ్చారు. మా కుర్పిని ఒకరి చేతి నుంచి ఒకరు తీసుకుని, నున్నటి ప్లాస్టిక్ పిడిని తడిమి, తమ భాషలో ఏదో అనుకుని నవ్వారు. నా గురించే అనుకుని చెమటలు పట్టాయి. కాకును అడిగితే, “చెమట వడితే చేతిలకెల్లి జారుతదంటున్నరు. కట్టె పిడి ఉంటె పదిమంది తీస్కుంటమంటున్నరు. నిన్నేం అంటలేరు తియ్,” అంది. మూడో రోజుకు నా నోటుబుక్కులో ‘లేదనిపించుకున్న’ మాటలే నలభై దాకా అయ్యాయి. సంచిలోని పన్నెండు రకాల్లో ఎనిమిదింటి పేరు కూడా ఎవరూ ఎత్తలేదు.

తిరిగి వచ్చి కొత్త రిపోర్టు రాశాను. ఉట్నూరు ముందు, కానీ పన్నెండు కాదు, నాలుగు రకాలే, అవీ మార్పులతో. మంచిర్యాల తర్వాత. శ్రీరాంపూర్ ఇప్పుడు వద్దు. దాని కింద ఆ పెద్దాయన చెప్పిన మాటలు, సుత్తితో సహా, ఉన్నవి ఉన్నట్టు రాశాను. కాగితం సారు ముందు పెట్టాను.

“మెల్లగ చెప్పు,” అన్నాడు.

“మీకు బొగ్గు బెల్టు మీద మనసున్నదని తెలుసు సార్. కాని అది కాదు సార్.”

“నాకు మనసున్నదని ఎవరన్నరు?”

గోదాం కాక పేరు చెప్పకుండా నేలచూపులు చూశాను. సారు కళ్లద్దాలు తుడుచుకున్నాడు. “హైదరాబాదోళ్లు బొగ్గు బెల్టు, బొగ్గు బెల్టు అంటుంటే, మా పిలగాడు చూసి వచ్చినంక చెప్త అన్న. నాకు తెల్వకనే కద నిన్ను పంపింది. తెలిస్తే నేనే రాసుకుందును.”

అప్పుడు పడ్డంత సిగ్గు ఉట్నూరు దుకాణంలో కూడా పడలేదు. ఆయన నా కళ్లు అరువడిగితే, నేను ఆయన మొహం చూసి రాశాను.

అంతా శుభంగా జరిగిందని చెప్పను. గొడ్డలి రంధ్రం మార్చడానికి కంపెనీవాళ్లు చాలా నెలలు సాగదీశారు. నేను పట్టుబట్టి పంపిన పట్టకార్లను కాకు అట్టపెట్టెతో సహా తిప్పి పంపించింది. కట్టె పిడి కుర్పి మాత్రం మొదటి అంగడికే అయిపోయింది. రెండో విడత సరుకు నేనే తీసుకుపోయాను. నా ఉద్యోగం ఖాయమైనట్టు కాగితం వచ్చిన రోజు బాపుకు ఫోనులో చదివి వినిపిస్తే, మగ్గం ఆపి విన్నాడు. ఆ చప్పుడు ఆగడం మాత్రం నా చెవులతో నేనే విన్నాను.

ఇదంతా జరిగి చాలా ఏళ్లయింది. ఇప్పుడు నేను తిరిగే ఊళ్లు పెరిగాయి, మహారాష్ట్ర అంచు దాకా పోతున్నాను. నెత్తిన వెంట్రుకలు తగ్గాయి. భయం మాత్రం తగ్గలేదు. కొత్త ఊళ్లో మొదటి దుకాణం మెట్లు ఎక్కేముందు, ఎదురుగా రోడ్డుకు ఇవతల నిలబడి, అక్కరలేని చాయ్ ఒకటి తాగడం నాకు అలవాటైపోయింది. ఆ పది నిమిషాల్లో ఒకప్పటి ఆ బక్కపలుచటి కుర్రవాడు వచ్చి నా పక్కనే నిలబడతాడు. వాణ్ణి చూస్తే నవ్వొస్తుంది, జాలేస్తుంది. పోరా పో, అని భుజం తట్టాలనిపిస్తుంది. వాడేమో నువ్వు పో ముందు అన్నట్టు నన్నే చూస్తాడు.

మొన్న ఆసిఫాబాద్ వైపు ఒక చిన్న ఊళ్లో అలాగే నిలబడి ఉన్నాను. చాయ్ అయిపోయింది. ఖాళీ గ్లాసునే ఇంకా పట్టుకుని, ఎదుటి హార్డ్‌వేర్ దుకాణం బోర్డు మూడోసారి చదువుతున్నాను. దుకాణమాయన గల్లా దిగి, రోడ్డు దాటి నా దగ్గరికే వచ్చాడు. సంచి వైపు చూసి, నా చేతిలోంచి ఖాళీ గ్లాసు తీసుకుని హోటలాయనకు ఇచ్చాడు.

“లోపటికి రాండ్రి సారు,” అన్నాడు. “కంపెనీల నుంచి మొదటిసారి వచ్చేటోళ్లంత గీడనే నిలబడి చాయ్ తాగుతరు.”